పెదాల కొలత

ఫ్రేమింగ్‌హామ్‌లో మంచు మురికిపట్టే నెల.
లాండ్రోమాట్‌లో ఏడో నంబరు మిషను
డిర్సెయు చొక్కాల్ని తిప్పి తిప్పి కొడుతోంది.

గోడ మీద గొంతు నొక్కేసిన టీవీ.
పాత డిటెక్టివ్ సీరియల్.
టోపీ కింద ఆ దవడ అతనికి తెలుసు.
పద్నాలుగేళ్ళు, సావొ పావ్లోలో,
చీకటి గదిలో నిలబడి
దానికి మాటలు కుట్టాడు.
ఇంగ్లీషు పెదవి మూతబడ్డ చోటల్లా
పోర్చుగీసులో ఓ పకారమో మకారమో వెతికి పెట్టాలి,
లేకుంటే వాక్యం
గుండీ ఊడిన చొక్కాలా వేలాడుతుంది.

సొంత ముఖంతోనూ నటించాడు లెండి.
ఒకదాంట్లో చర్చి ఫాదరు, ఒకదాంట్లో వడ్డీలవాడు,
మూడోదాంట్లో గుర్రం తన్ని
పదకొండో ఎపిసోడ్‌కే పోయాడు.
వీధిలో ఎవరూ ఆపి అడిగిన పాపాన పోలేదు.

ఇప్పుడు డిటెక్టివ్ తలుపు తన్నాడు.
డిర్సెయు ప్రమేయం లేకుండానే
కడుపులోంచి లేచింది ఆ బొంగురు:
"కదలకు. నీ అబద్ధం
నీకంటే ముందే వచ్చి కూర్చుంది."

దుప్పటి మడతపెడుతున్న ఆవిడ
సగం మడతలో ఆగిపోయింది.
అతన్ని కాదు, టీవీని చూసింది,
సౌండు ఎవరు పెట్టారని.

తర్వాత మెల్లగా, మీనాస్ యాసలో:
"మీరేనా?
ఆఖరి భాగం రోజు మా వీధికి కరెంటు పోయింది.
ఇరవై రెండేళ్ళయింది. చెప్పండి,
చంపిందెవరు?"

డిర్సెయు చాలాసేపు ఆలోచించాడు.
హంతకుడు గుర్తుకు రాలేదు.
పేరు చెప్పేటప్పుడు
పెదవులు రెండుసార్లు మూతబడతాయి,
అంతవరకే.