పదకొండు రోజులు

ఆ లెక్క వేసింది నేనే.
తొమ్మిదేళ్ళు, ఎనిమిది నెలలు, పంతొమ్మిది రోజులు.
కింద గీత గీసి, ఎర్రసిరాతో
"పెన్షనుకు అర్హత లేదు" అని రాసి
ఫ్యాను కింద ఆరబెట్టింది కూడా నేనే.
షిల్లాంగులో వానాకాలం
సిరా ఓ పట్టాన ఆరదు.

ఇంకో పదకొండు రోజులుంటే
తొమ్మిదేళ్ళ తొమ్మిది నెలలయ్యేవి.
మూడు నెలల ముక్కని అర ఏడాదిగా జమకట్టమని నిబంధన.
పదేళ్ళు చేసి ఇచ్చేవాణ్ణి.
పదేళ్ళయితే నెలనెలా, బతికినన్నాళ్ళూ.
కాకపోతే ఒక చెక్కూ, ఒక శాలువా.
శాలువాకి నేనూ యాభై రూపాయలు వేశాను.

కోంగ్ ఫిడాలియా అనేవాళ్ళం, అక్కా అన్నట్టు.
వృక్షశాస్త్రం వాళ్ళ ఎండుమొక్కల గది ఆమెది.
తడి ఆకుని పాత పేపర్ల మధ్య పరిచి
రాళ్ళ బరువు పెట్టి, రోజూ పేపరు మార్చి,
చివరికి అట్టకేసి సూదీదారంతో కుట్టేది.
మూల మీద చీటీ: మొక్క, చోటు, తేదీ, సేకరించినవారు.
పేరు ప్రొఫెసరుది.
చేతిరాత ఆమెది.

పర్మినెంటు కాకముందు పద్నాలుగేళ్ళు దినకూలీ.
వాటి ఊసు ఏ కోర్టులోనూ రాలేదు.
ఆ డబ్బు మేం చీపుళ్ళూ ఫినాయిలూ ఖాతాలో రాసేవాళ్ళం.

కేసు ఏడేళ్ళు నడిచింది.
హాజరుపట్టీలో ఆ జులై పదకొండు గళ్ళు తెల్లగా ఉన్నాయని
విశ్వవిద్యాలయం వకీలు చూపించాడు.
ఉన్నాయి. అబద్ధం కాదు.
తెల్లగడిని మనిషి లేదని చదవడం
నాకు ముప్ఫై ఏళ్ళ అలవాటు.

ఆమె వకీలు, బంటెయ్‌లాంగ్ అని, నిన్నగాక మొన్న కోటు తొడిగినవాడు,
వెదురుబుట్టలోంచి ఐదు అట్టలు తీశాడు.
జరాయిన్ దారి, కొండచరియ విరిగి రోడ్డు మూసుకున్న వారం.
బడి వరండాలో బొగ్గులకుంపటి మీద
రాత్రంతా పేపర్లు ఆరబెట్టిందట.
కూజా మొక్క ఒకటి, మూతతో సహా అణిగిపోయి,
గోధుమరంగు తిరిగి,
ఆ రోజు అది మింగిన చీమ ఇంకా లోపలే.
తొమ్మిదో తేదీ. పదకొండు. పన్నెండు. పదహారు. పంతొమ్మిది.
జడ్జిగారు కళ్ళజోడు పైకెత్తి
చీమని చాలాసేపు చూశారు.

వెనక బెంచీలో నేను.
నాకొక్కడికే తెలిసిన ఆరో కాగితం ఒకటుంది.
ప్రొఫెసరుగారి ప్రయాణభత్యం బిల్లు.
అవే పదకొండు రోజులు.
"వెంట: డ్రైవరు ఒకరు, సహాయకురాలు ఒకరు."
పాసు చేసిన సంతకం నాది.
ఒకే బల్ల, ఒకే కలం.
ఒక కాగితంలో ఆమె కొండమీద ఉంది,
ఇంకో కాగితంలో ఎక్కడా లేదు.
రెంటికీ లెక్క సరిపోయింది.

తీర్పు ఆమెకే వచ్చింది.
విశ్వవిద్యాలయం అప్పీలుకి వెళ్ళింది.
ఎండుటాకులు హాజరుకి రుజువు కావట.

మెట్ల మీద కనబడితే
వక్క చీల్చి, తమలపాకుకి సున్నం రాసి
సగం నాకిచ్చింది.
"మీ తప్పేముంది, గడి ఖాళీగా ఉంది కదా" అంది.
ఎత్తిపొడుపేమోనని మొహం వెతికాను.
ఏమీ దొరకలేదు.
సున్నం ఎక్కువై నాలుక పొక్కింది.

పాత రికార్డుల గది తాళం
ఇప్పుడు ఎవరి దగ్గరుందో కనుక్కున్నాను.
సోమవారం రమ్మన్నారు.
మొదటి సోమవారం సెలవు. రెండోసారి వాన.
నా పెన్షను మాత్రం ఒకటో తారీఖున
పొద్దున్నే, ఫోను కుయ్‌మని, పడుతూనే ఉంది.
వాయిదా ఆగస్టు ఇరవై మూడు.
అప్పటికి ఆమెకి డెబ్బై రెండు నిండి
నాలుగు నెలలా ఆరు రోజులు.
చూశారా,
మళ్ళీ వేశాను.