తెల్ల పిచ్చిది

ఈ ద్రాక్షకి ఆ పేరు పెట్టినవాడు
దీన్ని పండించి చేతులు కాల్చుకునే ఉంటాడు:
ఫోల్ బ్లాంష్. తెల్ల పిచ్చిది.

అందరికంటే ముందు చిగురిస్తుంది,
ఏప్రిల్ మంచు ఇంకా గుమ్మం దాటలేదని తెలిసీ.
గుత్తిలో గింజకీ గింజకీ మధ్య
గాలి దూరే సందివ్వదు.
సెప్టెంబరులో నాలుగు చినుకులు రాలితే
లోపల్నించి బూడిదరంగు బూజు.
కొరికితే పళ్ళు జివ్వుమంటాయి.
వైను చేసి అతిథి ముందు పెట్టావో
ఆ అతిథి మళ్ళీ నీ గడప తొక్కడు.

నాంత్ వైపు సముద్రం వాళ్ళు తాగుతారట,
పచ్చి ఆయిస్టర్లతో.
మైలిస్ చెల్లెలు అక్కడే కాపురం.
నిమ్మకాయల ఖర్చు మిగులుతుందంటుంది.

మా గాస్కనీలో ఆ పులుపుకి వేరే పనుంది.
పులిసిన వైను గంధకం పొగ అక్కర్లేకుండా
చలికాలం దాకా చెడకుండా ఆగుతుంది,
బట్టీ బండి మన వాకిట్లోకి వచ్చే వంతు దాకా.
నేను ఆ బండి వెంట తిరిగేవాణ్ణి.
రాగి కింద కట్టెలు తోసేవాణ్ణి.
బండి గిలెమ్‌ది, కోపం కూడా అతనిదే.

మా ముత్తాతల నాడు ఇసక నేలలన్నీ ఈ పిచ్చిదే.
వేరుపేను వచ్చి తినేసింది.
అమెరికా వేరుకి అంటు కడితే బతికింది గానీ
గుత్తి ఇంకా బిగిసింది, బూజు ఇంకా ముదిరింది.
ఒక్కొక్కరే పీకేసి ఉన్యీ బ్లాన్ నాటుకున్నారు.
అది బుద్ధిమంతురాలు. చెప్పినంతా కాస్తుంది.

మైలిస్ కాస్తెరా పదకొండు వరసలు ఉంచుకుంది.
ఈ ఏడు వాన.
సొసైటీ కుర్రాడు బూట్లకి బురద అంటకుండా నిలబడి
పీకించెయ్యమ్మా అన్నాడు.
ఆమె కుట్టు కత్తెర తెచ్చుకుని
కుళ్ళిన గింజ ఒక్కొక్కటే తీసింది,
పిల్ల తలలో పేలు చూసినట్టు, పదహారు రోజులు.
తేలింది మూడు పీపాలు.

"మూడు పీపాలకి నేను బట్టీ వెలిగించను.
పక్కవాళ్ళ బాకోలో కలిపెయ్," అన్నాడు గిలెమ్.
"కలిపితే అది ఎవరిదీ కాదు," అంది మైలిస్,
అని, వాదన మానేసి వంటకి వెళ్ళింది.

కత్తిరించిన తీగల కట్ట పొయ్యిలో తగలబడింది.
ఆ నిప్పు మీద బాతు రొమ్ము.
కొత్త సారాలో నానిన ప్రూన్లు ఒక జాడీ.
గిలెమ్ తిన్నాడు. మళ్ళీ పెట్టించుకున్నాడు.
మూతి తుడుచుకుని లేచి
ఎవరితోనూ మాట్లాడకుండా
రాగి కడగడం మొదలెట్టాడు.

రాత్రి రెండు దాటాక కారింది.
దారమంత ధార, నీళ్ళంత తెలుపు.
నవంబరు చీకట్లో, ఓక్ కట్టెల పొగలో
హఠాత్తుగా జూన్ నెల వాసన.
ద్రాక్ష పూత పూసే ఆ నాలుగు రోజులుంటాయే,
పువ్వు కంటికి ఆనదు, దారిన పోయేవాడు మాత్రం
ఎందుకో ఆగి వెనక్కి చూస్తాడు,
ఆ వాసన.
బాకో ఇన్నేళ్ళలో ఒక్కసారీ ఇలా కమ్మగా ఊరలేదు.
గిలెమ్ టోపీ తీశాడు. చెమటకేమో.

నల్ల ఓక్ పీపాలోకి పోశాం.
పదిహేనేళ్ళు ముట్టకూడదు.
ఏటా దేవతలు తమ వాటా తాగిపోతారు,
వాళ్ళు తాగిన గోడ నల్లబడుతుంది.
మైలిస్‌కి ఇప్పుడు డెబ్భై నాలుగు.
లెక్క నేను పైకి అనలేదు, ఆమే అంది:
"నేను తాగుతున్నది మా నాన్న కాచింది.
ఇది ఎవడో తాగుతాడు. అప్పు తీరాలిగా."

అరచేతిలో ఒక చుక్క వేసుకుని
రెండు చేతులూ రుద్ది ముక్కుకి ఆనించుకుంది,
చాలాసేపు.
తర్వాత గుమ్మంలో పడుకున్న కుక్క తల నిమిరింది.

అది తుమ్మి, అటు తిరిగి పడుకుంది.