సున్నం కింద సాయంత్రాలు

గోడలకు చెవులుంటాయని మా తెర్మోక్‌లోనూ అంటారు.
కళ్ళు కూడా ఉంటాయని మొదట అన్నది ఓర్షెలి.
అప్పటికి ఆమెకు ఇరవై రెండేళ్ళు,
ఒంటినిండా చేపనూనె వాసన,
దీపాల సంఘానికి పదకొండు నాణేల బాకీ.

మాకు ఏడాదిలో అయిదు నెలలు పొద్దు పొడవదు.
ఆ అయిదు నెలలూ వెలుగును గరిటెలతో కొలిచి అమ్ముతారు.
పెళ్ళికి రెండు, పురిటికి మూడు,
చావుకి ఒక్కటే, అదీ సగం కాలాక
మూతపెట్టి తిరిగిచ్చేయాలి.
అలాంటి ఊళ్ళో ఒక పిల్ల లేచి
"మీరు కాల్చిన వెలుగు ఎక్కడికీ పోలేదు,
గోడ సున్నంలో ఇంకింది" అంటే
నవ్వరా?
సంఘపెద్ద హాద్రిన్ అయితే నవ్వీ నవ్వీ పొలమారి
మంచినీళ్ళు తెప్పించుకున్నాడు.

నేను వెల్ల వేసేవాణ్ణి.
పండితుల గొడవ నాకెందుకు?
కానీ ఆమె వెతుక్కుంటూ వచ్చి అడిగింది:
"ఏ పూత ఏ ఏడాదిదో గోటితో చెప్పగలవా?"
చెప్పగలను. మా నాన్న వదిలిన ఆస్తి అదొక్కటే.
గవ్వల సున్నమైతే కరువు, బూడిద కలిస్తే యుద్ధం.
అలా చేరాను.
జీతం మాట ఆమె ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు,
ముప్ఫై ఒక్క ఏళ్ళు.

పని చెప్పడానికి చిన్నదే.
కళ్ళకు చీకటి అలవాటయ్యేదాకా కూర్చోవాలి.
ఎముక కత్తితో ఉల్లిపొర కన్నా పల్చగా గీకాలి.
రాలే పొడి ఒక్క రెప్పపాటు వెలుగుతుంది.
ఆ రెప్పపాటులో ఓ పాత సాయంత్రం:
వేలాడే వల, ఆవిరి కక్కే కుండ,
మనుషులు మాత్రం నల్లగా, దీపానికి అడ్డొచ్చినంత మేర.
"మనిషంటే గోడకు అందని వెలుగు"
అని తన పుస్తకం అట్ట మీద రాసి
మర్నాడు తనే కొట్టేసింది, మరీ అందంగా ఉందని.

చదివిన పొడి ఇక ఉట్టి సున్నం.
రెండోసారి లేదు.

ఆ సంగతి మాకు తెలుసు. నూవెత్‌కు తెలియదు.
జ్వరంలో పోయిన కొడుకు ఉయ్యాల పక్క గోడ చూపించి
బతిమాలింది.
ఓర్షెలి గీకింది.
దీపాన్ని పట్టుకోబోతున్న చిన్న చెయ్యి నీడ,
అయిదు వేళ్ళూ విడివిడిగా.
"మళ్ళీ" అంది నూవెత్.
ఓర్షెలి కత్తి కింద పెట్టింది.
"మళ్ళీ" అంది నూవెత్,
తెల్లారని ఊళ్ళో తెల్లారేదాకా.

రెండేళ్ళకు నవ్విన నోళ్ళే వచ్చాయి.
ఎవరింట్లో దొంగవెలుగు కాలిందో
గోడలు గీకి తేల్చాలట.
ఊళ్ళో ప్రతి ఇంటికీ ఒక కత్తి, ఒక గుమాస్తా.
ఆమెకు పీఠం, జీవితాంతం గరిటె లెక్కలేని నూనె.

సభలో ఓర్షెలి లేచి నిలబడింది.
నేను గుమ్మం దగ్గరున్నాను, చేతిలో ఆమె చెప్పులు.
"నేను పొరబడ్డాను. గోడల్లో ఏమీ లేదు.
నా కళ్ళు నన్ను మోసం చేశాయి" అంది.
గొంతు వణకలేదు. అబద్ధానికి కూడా
ముందు కొలతలు తీసుకునే మనిషి.
హాద్రిన్ కొడుకు ఈసారి నవ్వలేదు, ఉమ్మేశాడు.

సంఘం చిట్టాలో ఇప్పటికీ ఇలా ఉంది:
ఓర్షెలి, దీపనూనె పిల్ల, మతి చలించినది.

ఆమె పోయింది చీకటి నెలల మధ్యలో.
కత్తి నాకు మిగిలింది, ఆమె గది గోడ కూడా.
ముప్ఫై ఒక్క ఏళ్ళ సాయంత్రాలు,
వాటిలో సగం నావి కూడా.
బొటనవేలు గోరు ఆనించాను,
ఒక పూత లోతు దాకా.

తీసేశాను.
సున్నం కలిపి, గంజి పోసి, పల్చగా ఒక పూత వేశాను.
ఆరేదాకా దీపం తియ్యలేదు, పక్కకూ జరగలేదు.
ఎవరైనా ఎప్పుడైనా గీకితే
కనబడేది ఒక ముసలి వెల్లవాడి వీపు.

పదకొండు నాణేలూ నేనే కట్టాను.
రసీదు అడగలేదు.