నాలుగు వందల పదకొండు

ఎల్గోయిబార్‌లో వాన కురవదు,
గాలిలో నానుతూ ఉంటుంది.
దేబా నది ఒడ్డున షెడ్డు. రాత్రి రెండున్నర.
ఎనెరిత్స్ పనిముట్ల పెట్టె దించి
తడిచేతులు ప్యాంటుకు తుడుచుకుంది.

లేత్ ఆగి ఉంది. ఎర్రదీపం.
తెరమీద 411.
జెడ్ ఇరుసు కదులుతూ కదులుతూ వెనకబడిందట.
పొమ్మన్న చోటికీ పోయిన చోటికీ మధ్య
ఓర్చుకోలేనంత ఎడం.
కోడు అంతే చెబుతుంది.
నొప్పి ఎక్కడో చెబుతుంది, దెబ్బ ఎక్కడ తగిలిందో చెప్పదు.

మార్చిలో మోటారు మార్చారు.
ఏప్రిల్‌లో డ్రైవు మార్చారు,
ఆ బిల్లు చూసి యజమాని రెండు రోజులు ఎవరితోనూ మాట్లాడలేదు.
తలగడ మారిస్తే తలనొప్పి పోతుందా?

"తేమకు," అన్నాడు చోమిన్,
పదహారేళ్లుగా రాత్రులన్నీ దీనికే ఇచ్చినవాడు.
"ఎప్పుడో ఓసారి. రీసెట్ కొడితే లేస్తుంది."

ఆమె అలారాల చరిత్ర తెరిచింది.
పన్నెండూ పది. పన్నెండూ ముప్ఫై నాలుగు. ఒంటిగంటా రెండు.
నిన్నా అంతే. మొన్నా అంతే.
వేలితో జరుపుతూ పోతే
వరసలు అయిపోవడం లేదు.
అలాంటి పేజీ ఒకటుందని
చోమిన్‌కు ఇప్పుడే తెలిసింది.

రాలిన ఇత్తడి పొట్టును బూటుతో ఒక మూలకు నెట్టాడు.
నెట్టినదాన్నే మళ్లీ నెట్టాడు.
"పక్క షెడ్డులో కొత్తది దించారు," అన్నాడు.
"ముక్క అదే ఎక్కించుకుంటుంది, అదే దించుకుంటుంది.
రాత్రిపూట లైటు కూడా వెయ్యరు."

"కాఫీ ఉందా?" అంది ఎనెరిత్స్.

మెయిన్ ఆపి, తాళం వేసి,
తాళంచెవి జేబులో వేసుకుంది.
మోటారు వైరును రెండు కొసలా విప్పి
మీటరు తగిలించింది.
కీ...మని సన్నగా, తెగకుండా పాడుతోంది మీటరు.
"స్క్రూ తిప్పు. మెల్లగా. ఇంకా మెల్లగా."
చోమిన్ ఎడంచేత్తో తిప్పుతున్నాడు.
కుడిభుజం ఛాతీ దాటి లేవదని
ఆమె అప్పుడు చూసింది.

ఆరువందల మిల్లీమీటర్లు దాటాక
గొలుసు మెలిక తిరిగేచోట
మీటరు నోరు మూసింది.

ఇద్దరూ కదల్లేదు.
వెనక్కి తిప్పితే పాట. ముందుకు తిప్పితే మౌనం.
కోసి చూస్తే
పైన నల్లతొడుగు మీద గీతైనా లేదు,
లోపల రాగిపోగులు
ఒక్కటొక్కటే, ఎవరికీ చెప్పకుండా, తెగిపోయి ఉన్నాయి.

కొత్త కేబుల్ వేసింది,
మెలికలో రెండు వేళ్ల వదులు ఉంచింది.
రిపోర్టు కాగితం తీసింది.
లోపం: కేబుల్. కారణం: వంపు.
మొదటిసారి ఎప్పుడు కనిపించింది?
అక్కడ పెన్ను ఆగింది.
'తెలియదు' అని రాయబోయింది.

"ఫిబ్రవరి," అన్నాడు చోమిన్,
కప్పులోకి చూస్తూ.
"మొదటి వారం. రాయి.
మోటారు డబ్బులు నా వల్లే పోయాయి, అదీ రాయి."
ఫిబ్రవరి అని రాసింది.
రెండోది రాయలేదు.

ఐదవుతుండగా మొదటి ముక్క దిగింది.
నూనె కారుతున్న ఇత్తడి కవాటాన్ని
గేజీలో దూర్చి, తీసి, మళ్లీ దూర్చి
చోమిన్ ముఖం చిట్లించాడు.
"రెండు వందోవంతులు బిగువు.
చల్లగా ఉంది కదా, వేడెక్కనీ," అని
ఎవరితోనో అన్నట్టు అన్నాడు.
పచ్చదీపం.
బయట గాలి ఇంకా నానుతోంది.