ముగ్గురు బోగ్నాలు

చీమకుర్తి క్వారీ అంచున జీపాపితే
ముందు దిగింది కెమెరా,
ఆ తర్వాతే బోగ్నా.
చేతికిచ్చిన కార్డు మీద మూడు వరసలు:
రచన. దర్శకత్వం. నిర్మాణం.
"మిగతా ఇద్దరూ రైల్లో వస్తన్నారా?" అన్నా.
తన గుండె మీద మూడుసార్లు తట్టుకుంది.

వాళ్ళ ఊరు ఊచ్ అంట.
కిటికీ ఊచ గుర్తొచ్చి నవ్వా.
కాదు, మా భాషలో పడవ అంది.
సముద్రం లేని ఊరికి పడవ పేరు!
సరేలే, మా ఊరి చీమలు మాత్రం
కొండల్ని మోసుకుపోవటంలా?

మొదటి సినిమా ట్రాము కండక్టరు మీద,
రెండోది అమ్మమ్మ కుట్టుమిషను మీద.
మూడోదానికి అప్పు పుట్టక
నాలుగేళ్ళు పెళ్ళి వీడియోలు తీసింది.
ఇప్పుడిది:
వాళ్ళ నాన్న సమాధి రాయి
ఏ కడుపులోంచి తవ్వారో చూడ్డానికి
ఉన్న ఒక్క ఫ్లాటూ అమ్మి వచ్చింది.

నల్లరాయి మీద చెంబుడు నీళ్ళు పోశా.
నలుసులు నలుసులుగా బంగారం లేచింది.
ఆమె మాట్లాడలేదు,
రికార్డరు మాత్రం తిరుగుతానే ఉంది.

రాత్రిళ్ళు లాడ్జిలో ముగ్గురూ తగువాడుకునేవాళ్ళు,
ఒకే గొంతుతో.
రాసేదానికి వాన కావాలి.
తీసేదానికి వానొద్దు,
దుమ్ములో ఏటవాలుగా పడే ఎండ కావాలి.
డబ్బులు పెట్టేది
డీజిలు లెక్క తీసి
ఇద్దర్నీ పండుకోబెట్టేది.

ఆదెమ్మ ఒక్కతే ఆమెకి ఎదురొచ్చింది.
తట్ట దించి,
"మీ నాయన పేరు చెక్కిన రాయి ఈడిదే, సరే.
మా ఆయన మీద పడిన రాయి
ఏ దేశం పోయిందో
ఎవుర్నడగాల?"

నాకొచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కలూ
గొంతులోనే ఉండిపోయాయి.
బోగ్నా కెమెరా ఆపలేదు.
ఆపితే బాగుండనిపించింది ఆ పూట.
ఇప్పుడట్టా అనిపించదు.

పదహారు నెలలకి కొరియర్లో పెన్‌డ్రైవు.
యూనియనాఫీసు గోడకి పంచె కట్టి చూశాం.
ఆదెమ్మ ఉంది, మొత్తం ఉంది,
కింద వాళ్ళ అక్షరాలతో.
నేను చెయ్యని తర్జుమా ఇంకెవరో చేశారు.
గోడ మీద తనని చూసుకుని
బెంచీ మీద ఆదెమ్మ పైట సర్దుకుంది.
నేను లేను,
జీపు అద్దంలో అర ముక్కు తప్ప.

పెన్‌డ్రైవుతో పాటు మూడు కాయితాలు.
రాసేది క్షమించమంది.
డబ్బులు పెట్టేది
రెండు రోజుల జీపు బాకీ పంపింది.
తీసేది మాత్రం ఒకే ముక్క:
"నువ్వున్న షాటు బాగా రాలేదు, వలీ."