గోనెల లెక్క

శుక్రవారం. పొద్దు ఇంకా పొడవలేదు.
అహ్మదీల కంపెనీ గ్రౌండు ముందట
మా క్యాంపు బస్సు దగ్గుకుంట ఆగింది.
దూరంగ గొట్టం మీద మంట, రాత్రంతా మండి
అప్పుడే ఎలిసిపోతున్నది.

లోపల రిఫైనరీ జట్టు అప్పటికే ఉరుకుతున్నది.
తెల్ల బట్టలు, ఇస్త్రీ మడత నలగలేదు.
నాలుగేండ్ల సంది కప్పు వాళ్ళ బీరువాలనే ఉన్నది.
మొదటి మ్యాచే వాళ్ళతోని పడ్డది మాకు.
చీటీ తీసింది నేనే.
వారం రోజులు నా చెయ్యిని తిట్టని నోరు లేదు.

మేము పరంజ కట్టేటోళ్ళం, తొమ్మిది మందిమి.
పచ్చ జాకెట్ల వెనుక నల్ల టేపుతోని నంబర్లు.
బేస్‌బాల్ గ్లవ్సులు అయిదే;
మిగిలినోళ్ళకు పనికాడి తోలు గ్లవ్సులు.
నేను వెనుక కూసోని బాలు పట్టేటోణ్ణి,
నా మొఖానికి సాయన్న చువ్వలు వంచి అతికిచ్చిన జాలి.

ఆట నేర్పింది ఫోర్‌మన్ రోదెల్, ఫిలిప్పీన్సాయన.
"కొట్టు, ఉరుకు."
ఆయనకొచ్చిన తెలుగు ఆ రెండు మాటలే.
రెండోది లింబాద్రికి ఎక్కలేదు.

నాలుగో ఇన్నింగ్స్‌కు వాళ్ళవి తొమ్మిది, మాది సున్నా.
విసిరేటోడు గమ్ము నములుకుంట నవ్వుతున్నడు.
లింబాద్రి నిలబడ్డ తీరు చూస్తే
గుంత మీద చిర్ర పెట్టి
లేపేందుకు వంగినట్టే ఉన్నది.

టక్.

ఆ చప్పుడు నాకు ఎరుకే.
మెట్‌పల్లిల, బడి వెనుక, ఒంటిపూట బడుల ఎండల
ఎన్నిసార్లు విన్ననో.
బాలు దీపాల స్తంభం మీదికెళ్ళి పోయింది.
రోదెల్ శిలువ గుర్తు వేసుకున్నడు.
కంచెకు తగిలి, జర్ర ఇవతల పడ్డది.

"ఉరుకు! ఉరుకురా!"

వాడు ఉరకలేదు.
బ్యాటు నేల మీద పండబెట్టి కొలుస్తున్నడు.
ఒకటి. రెండు. మూడు.

అవుటన్నడు అంపైరు. గ్రౌండంతా నవ్వింది,
మేము సుత నవ్వినం, ఏం చేస్తం.

పద్నాలుగు సున్నాతోని ఓడినంక
డ్రైవరు హారన్ కొడుతుంటే
లింబాద్రి మళ్ళ బ్యాటు పట్టుకొని పోయిండు,
మొదటి నుంచి కొలుస్తనని.
వాళ్ళ విసిరేటోడు గూడ కంచె కాడికి నడిచిండు.
బాలు పడ్డ జాగల మడిమ ఆనించి
కదలకుండ నిలబడ్డడు, మేమొచ్చేదాక.

నూటా పద్దెనిమిది గోనెలు. ఇంకో జానెడు.

ఆ జానెడు లెక్కల రాయాల్నా, ఇడిచిపెట్టాల్నా?
చిర్రగోనెల జానెడుకు లెక్క లేదని సాయన్న,
ఇది చిర్రగోనె కాదు గదా అని లింబాద్రి.
మంగాఫ్ దాటినంక గూడ
బస్సుల అదే లొల్లి.