నిండు దినాలు

దేవరకొండ ఆర్డీవో ఆఫీసు కాయితం
నాలుగో తారీకు మాపటేళ నా చేతికొచ్చింది.
ఉపసర్పంచి జటావత్ రూప్లి మీద అవిశ్వాసం.
ఇరవై నాడు పదకొండు గంటలకు మీటింగు.

ఆమెకు ముట్టజెప్పాల్సింది నేనే,
బోడగుట్టపల్లి కారోబార్‌ను.
ఇంటి పన్ను, చావు దాఖలా, కుక్కల లెక్క,
ఎవరి గడప ముందు మురికి నిలిచినా నా పేరే.

గని ఆ మాపు వాల్వు పగిలింది.
ట్యాంకు కింద గుంతల, మోకాలిబంటి నీళ్ళల్ల,
సుతిలి, రబ్బరు ముక్క, పాత సైకిల్ ట్యూబు
రాత్రి పదిన్నర దాక కడుతనే ఉన్న.
కాయితం అంగీ జేబుల. అంగీ కొక్కానికి.

తెల్లారి తండాకు పోయిన.
రూప్లి పత్తి సేన్ల, నడుముకు ఒడి కట్టుకొని.
పెదవులు కదుపుకుంట మొత్తం చదివింది.
"ఇయ్యాల ఎంత తారీకు, ఈదన్నా?"
"అయిదు."
ఆఫీసు నకలు మీద ఉత్త సంతకం చేసింది.
తన నకలు మీద మాత్రం
'అయిదో తారీకు పొద్దున ముట్టింది' అని
అక్షరాలల్ల రాసుకున్నది.
రాత్రి బడిల అంకెల దాక రాకముందే
పంతులమ్మకు బదిలీ అయిందట.
"నువ్వు గూడ ఒకటి పెట్టు" అన్నది.
పెట్టిన. సంతకం పెట్టుడు నాకు అలవాటే.

అసలు ముచ్చట చెక్కు.
దాని మీద సర్పంచిదొకటి, ఈమెదొకటి, రెండు సంతకాలు పడాలె.
ఏడో వార్డు మోరికి రెండు లక్షల పదివేలు.
రూప్లి పోయి చూసింది.
మోరి ఉండాల్సిన కాడ బర్రె పండుకొని నెమరేస్తున్నది.
"మోరి చూపెట్టుండ్రి, రాస్త" అన్నది, అంతే.
పదిమంది మెంబర్లల్ల ఏడుగురికి
ఒక్క రాత్రిల ఆమె మీద నమ్మకం పోయింది.

"నాలుగునాడే ఇచ్చినవు గదా" అన్నడు సర్పంచి.
అది అడుగుడు కాదు.
మూడు నెలల నా జీతం ఆయన సొరుగుల ఉన్నది.
నాలుగు అనే రాసిన.

ఏడుగురిని సుమోల శ్రీశైలం తోలిండ్రు.
రూప్లి రెండు మేకలనమ్మి
పట్నం వకీలు కాడికి పోయింది.

చట్టంల పదిహేను నిండు దినాలని ఉన్నదట.
కాయితం ముట్టిన దినం లెక్కకు రాదు,
మీటింగు దినం లెక్కకు రాదు,
నడుమ నిండుగ పదిహేను పొద్దులు పొడవాలె.
నాలుగైతే సరిపోతయి.
అయిదైతే ఒకటి తక్కువ.
ఆ ఒక్క దినం
ట్యాంకు కింద గుంతల ఉన్నదని
హైకోర్టుకు ఎవరు చెప్తరు?

నా రిపోర్టు ఒక బల్ల మీద, ఆమె నకలు ఒక బల్ల మీద.
రెండిటి కింద గుంటి ఈదయ్యే.
నా దస్తకత్ మీద నా దస్తకతే
సాక్ష్యం చెప్పింది.

తీర్పు ఫోన్ల వచ్చింది, ఇంగ్లీషుల.
బడి సారు చదివి చెప్పిండు:
నోటీసు చెల్లదు, కావాలంటే మళ్ళ ఇచ్చుకోవచ్చు.
"మోరి గురించి ఏమన్న ఉన్నదా సారూ?"
పైకి జరిపిండు, కిందికి జరిపిండు.
లేదు.
నమ్మకం గురించి గూడ లేదు.
దినాల గురించే ఉన్నది.

మెంబర్లు క్యాంపు నుంచి దిగిండ్రు.
ఓటు వెయ్యకుండనే ఒకాయనకు గుండయింది.

మలి ఏరుడు పత్తికి రెండో కాయితం వచ్చింది.
చేతికొచ్చిన గంటకే సైకిలెక్కిన.
నల్లా ఆగినా ఆగనీ అనుకున్న.
ఎనిమిది కిలోమీటర్లు మాట కూర్చుకుంట పోయిన,
సేను గెట్టు కాడికి పోయేసరికి
ఒక్కటీ మిగల్లేదు.

రూప్లి ఈసారి తారీకు అడగలేదు.
ఫోన్ల చూసుకున్నది.
మొదటి దినం ఇడిచిపెట్టి, ఆఖరి దినం ఇడిచిపెట్టి,
పత్తి కాయలు గీరిన వేళ్ళ మీద లెక్కవెట్టింది.
"పదిహేడు" అన్నది.
"సరిపోయినయి."
సంతకం చేసి పెన్ను ఇచ్చింది.
"కుండల నీళ్ళున్నయి, తాగి పో."

తాగిన.
వచ్చే మంగళారం మీటింగు.
కుర్చీలు నేనే వెయ్యాలె.